ఇప్పచెట్టు కింద మంట నేనే పెట్టాను

ఏప్రిల్ 22, మంగళవారం, ఉదయం 11 గంటల 20 నిమిషాలకు భద్రాచలంలో విచారణాధికారి గారి ఎదుట నమోదు చేసినది.

నా పేరు కుంజా ఎర్రమ్మ. భర్త పేరు పగిడయ్య. ఆధార్ కార్డులో నా వయసు నలభై ఆరు అని ఉంది, నా లెక్కకు యాభై దాటింది. ఊరు మద్దిగుంపు, మణుగూరు నుంచి అడవిలోకి పదకొండు కిలోమీటర్లు. పోడు చేసుకుంటాము, అడవిలో ఇప్పపువ్వు, తునికాకు ఏరుకుంటాము, పని దొరికితే కూలికి పోతాము. నేను చదువుకోలేదు. నేను చెప్పేది నాకే వ్యతిరేకంగా వాడవచ్చని అధికారి గారు ముందే చెప్పారు. వాడుకోండి అన్నాను.

మార్చి 14న మా అడవిలో లేచిన పొగ నక్సలైట్ల దళానికి పెట్టిన కబురని, ఆ కబురు పెట్టింది నా పెనిమిటి అని, ఆయన దళం మనిషి అని పోలీసు కాగితంలో రాశారు. అది తప్పు. మంట నేను పెట్టాను. అది ఇప్పచెట్టు కింది మంట.

మా దగ్గర ఇప్పచెట్లు ఇంటింటికీ పంచుకుని ఉంటాయి. మా ఇంటికి మూడు. మా అత్త పోతూ పోతూ నా చేతికి ఇచ్చిన చెట్లు అవి. మార్చిలో పువ్వు రాలుతుంది. అంతకు ముందే చెట్టు కింద ఎండాకు కాల్చాలి. నేల నల్లగా అయితే తెల్లారి పువ్వు తెల్లగా కనిపిస్తుంది, జల్దీ ఏరుకోవచ్చు. ఆకు కాల్చకపోతే పువ్వు ఆకుల్లో కలిసిపోతుంది. పట్టుమని ఇరవై రోజులు రాలే పువ్వు అది. మా అమ్మ కాల్చింది, మా అత్త కాల్చింది, నేను కాల్చాను.

ఈ ఏడు అడవిలో రెండు సైన్యాలు తిరుగుతున్నాయి. మార్చి 9 సాయంత్రం దళం వాళ్లు ముగ్గురు వచ్చారు. "అడవిల పొగ లేస్తె పోలీసులకు జాడ చెప్పినట్టే లెక్క. ఎవ్వలు నిప్పు పెట్టద్దు" అన్నారు. మార్చి 11 పొద్దున పోలీసు బలగాలు వచ్చాయి. పది రోజులు గాలింపు ఉంటుందని, పొగ లేస్తే దళానికి కబురు పెట్టినట్టే లెక్క అని చెప్పారు. ఒకరినొకరు చంపుకునేవాళ్లు ఈ ఒక్క మాటలో కలిశారు. ఇప్పపువ్వు ఎట్లా ఏరాలో మాత్రం ఎవరూ చెప్పలేదు.

ఆ బలగాలకు దారి చూపించేది నా సొంత తమ్ముడు సోడె గణేష్. హోంగార్డు. 11న మా వాకిట్లో నిలబడి మా కుండలో నీళ్లు తాగి పోయాడు.

నా పెనిమిటి భయస్తుడు. మూడు రోజులు పొరకతో చెట్ల కింద ఊడ్చాడు. ఊడ్చిన చోటే మళ్లీ ఆకు రాలేది. 14వ తేదీ శుక్రవారం, నా బిడ్డ భవాని ఫోన్‌లో ఐదున్నర అలారం మోగాక ఇద్దరం బయలుదేరాము. చెట్టు దగ్గర ఇట్లా మాట్లాడుకున్నాము.

"నువ్వు గిట్లనే ఊడ్చుకుంట కూసో. ఎలుగ్గొడ్డు వచ్చి పువ్వు తిని, నీ పొరక గూడ తినిపోతది" అన్నాను.

"రెండు దిక్కులోళ్లు వద్దన్నరే. నాలుగొద్దులు ఆగు" అన్నాడు.

"పువ్వు ఆగుతదా?"

ఆయన నవ్వి రెండో చెట్టు దగ్గరికి పోయాడు. నేను పెద్దచెట్టు కింద అగ్గిపుల్ల గీశాను. అప్పుడు ఆరు దాటి పది నిమిషాలు ఉంటుంది. మంచుకు ఆకు తడిగా ఉంది, అందుకే మంట కన్నా పొగ ఎక్కువ లేచింది. చెట్ల మీదికి లేచింది. నాకు తప్పు అనిపించలేదు. అదే నా తప్పు.

ఆయన ఉరికి వచ్చాడు. మద్ది కొమ్మ విరిచి మంట కొట్టడం మొదలుపెట్టాడు. నేనూ కొమ్మ విరవబోతే నన్ను నెట్టాడు. ముప్పై ఏళ్లలో నన్ను నెట్టింది అదొక్కసారే.

"నువ్వు ఇంటికి పో. నేను ఆర్పి వస్త" అన్నాడు.

నేను కోపంతో గంప ఎత్తుకుని వచ్చేశాను. వెనక్కి తిరిగి చూడలేదు. తాగను జావ తెచ్చుకున్న సొరకాయ బుర్ర ఆయన దగ్గరే ఉంది, పొరక ఆయన దగ్గరే ఉంది. ఇంకేమీ లేదు.

వాగు దాటుతుంటే మోత వినిపించింది. మణుగూరు బొగ్గు గనిలో పేలుడు అనుకున్నాను. గనిలో పేలుడు మధ్యాహ్నం పూట పెడతారు, ఈ రోజు పొద్దున్నే పెట్టారేంది అనుకున్నాను. గని మోత ఒక్కసారే వస్తుంది. ఇవి ఆరు వచ్చాయి. ఇల్లు చేరాక భవాని ఫోన్ చూసి ఏడు అని చెప్పింది.

ఆయన రాలేదు, వెతకను పోతే పోలీసులు మమ్మల్ని అడవిలోకి పోనివ్వలేదు. 16వ తేదీ మధ్యాహ్నం దవాఖానాలో ఆయన శవాన్ని చూపించారు. దళం వాళ్లు వేసుకునే ఆకుపచ్చ ప్యాంటు తొడిగి ఉంది. నా పెనిమిటి పుట్టినప్పటి నుంచి ప్యాంటు తొడగలేదు. పొడుగైతే అడుగున రెండు మడతలు పెట్టారు. అరచేతుల నిండా మసి ఉంది. మసి ఎవరూ కడగలేదు. ఆయన దగ్గర తుపాకీ దొరికిందని చెప్పారు. ఆయన చేతిలో ఉన్న కొమ్మ ఏదని అడిగాను.

20వ తేదీన దళం వాళ్ల కాగితం ఊళ్లో పడింది. భవాని చదివింది. అందులో ఆయన్ని అమరుడు అన్నారు, తమ కామ్రేడ్ అన్నారు. ఇద్దరూ కలిసి ఆయన్ని దళంలో చేర్చారు. ఒకరు చంపి చేర్చారు, ఒకరు పొగిడి చేర్చారు. ఆయన ఎవరి మనిషీ కాదు. నేను పెట్టిన మంట ఆర్పిన మనిషి.

దినాల రోజు గణేష్ వచ్చాడు. భవాని ఎదుటే నాతో ఇట్లా అన్నాడు.

"అక్కా, పొగ జూడంగనే ఇప్పచెట్టు మంట అని నాకు ఎరుకైంది. నోరు రాలే. చెప్తె మీ ఊరోళ్లను కాపాడుతున్నవా అంటరని భయపడ్డ. బావ అని దగ్గరికి పోయినంక తెలిసింది."

వాడు ఆ చెట్ల కింద నాతో పువ్వు ఏరినవాడే. నాకు వాడి మీద కోపం ఉంది. నా మీద అంతకన్నా ఎక్కువ ఉంది. ఈ సంగతి రాస్తే వాడి నౌకరి పోతుందని, రెండు దిక్కుల నుంచీ ప్రాణభయం ఉంటుందని అధికారి గారు చెప్పారు. నాకు తెలుసు. నాకున్న తోబుట్టువు వాడొక్కడే. వాడి పేరు తీసేయమంటావా అని అడిగారు. తీయవద్దు అన్నాను. పొగ సంగతి నేను ఒక్కదాన్నే చెబితే పెనిమిటి కోసం అబద్ధమాడుతున్నాను అంటారు.

ఈ రోజు నన్ను బండి మీద ఇక్కడికి తెచ్చింది కూడా గణేషే. ఏం చెప్తవని దారిలో అడగలేదు. నేనూ చెప్పలేదు. నా వేలిముద్ర నాదేనని ఒక మనిషి గుర్తించాలి అన్నారు. బయట వాడు తప్ప నా మనిషి ఎవరూ లేరు. వాడిని లోపలికి పిలిచి, ఇంతవరకు రాసిందంతా వాడి ఎదుటే నాకు చదివి వినిపించారు. వాడు తల ఎత్తలేదు.

నిప్పు పెట్టినందుకు శిక్ష ఉంటే నాకు వేయండి. నా పెనిమిటి పేరు ముందు రాసిన దళం మనిషి అన్న ఆ మాట కొట్టేయండి. ఇందులో ఉన్నది నేను చేసింది, చూసింది, నా చెవులతో విన్నది. కలిపింది లేదు, దాచింది లేదు.

కుంజా ఎర్రమ్మ, ఎడమచేతి బొటనవేలి ముద్ర.

పై ముద్ర ఎర్రమ్మదేనని గుర్తించినవారు: సోడె గణేష్, హోంగార్డు, తమ్ముడు. సంతకం.

సంతకం కింద గణేష్ తన చేతితో రాసినది: పొగ సంగతి నాకు తెలుసు. చెప్పలేదు. మా బావ చేతిలో ఉన్నది కొమ్మ.