ఈదమ్మ పోసిన నారు

పోలీసు యాక్షన్ అయినంక భయపడి ఇంటిల్లిపాదితో హైదరాబాదుకు వెళ్లిపోయిన నన్నే బీ, నెల దాటినంక ముందుగా తానొక్కతే ఇబ్రహీంపట్నం తిరిగొచ్చింది. తన పెరట్లో పక్కింటి ఈదమ్మ టమాట నారుకు నీళ్లు చల్లుతుంటే చూసి, నెత్తి మీది మూట దించకుండానే నిలబడిపోయింది.

“నా జాగల నీ నారా, అక్కా?”

“అవ్, నాదే. అడిగినోళ్లందరికి గట్లనే చెప్పిన.”

“మేము ఇగ రామనుకున్నవా?”

“ఇల్లు ఉత్తగ కనబడితె ఎవడన్న జొరబడుతడు. నారు పోసి రోజూ వచ్చి పోతున్న. ఒక్కడు గడప తొక్కలె.”

నన్నే బీ గొంతు తగ్గింది.

“ఇత్తనాలు యాడివి?”

“నీయే. బూడిదల కలిపి పెరటి గోడకు మెత్తినవ్ గద. గోకి పోసిన.”

“నారు ముదురుతున్నది. ఇంక నాటలేదేంది?”

“నేను నాటితె నా తోట అయితుండె. నాటెటోళ్లు వస్తరని చూస్తున్న.”

“రాకపోతె?”

ఈదమ్మ లేచొచ్చి, ఆమె నెత్తి మీది మూట తానే దించింది.

“ఏడ్సుడు తర్వాత. పొద్దు వాలింది, దా. నువ్వు నాటు, నేను నీళ్లు పోస్త.”