వెన్న తాగిన ఫిరోజా

ఇది నకిలీ రాయని నీకు ఎవ్వలు చెప్పిండ్రే కీర్తీ? పేరు చెప్పు. చార్‌కమాన్ల దుకాణం వెట్టుకున్నోడా, లేకుంటె నీ పక్కన కూసొని ముసిముసిగ నవ్వుతున్న ఈ స్వీటీనా? నవ్వు బిడ్డా, నిన్నేమంటలేను. దీని ఆఫీసు దోస్తువి, మా ఇంటికి మొదటిసారి వచ్చినవు, చాయ్ సల్లారుతున్నది తాగు. గాని నా మనుమరాలి చేతికి ఉంగురం జూసి, అసలు ఫిరోజా అయితె నీలంగుంటది, ఇదేంది గిట్ల ఆకుపచ్చగున్నది అంటివట. గా ఒక్క మాటకు ఇది ఉరికింది దుకాణానికి. వాడేమన్నడు? పైన పొర గీకి పాలిష్ పెడితె లోపల నీలం బయటవడ్తదన్నడా? రేపు తెమ్మన్నడా? రేపటిది రేపు చూద్దాం. ముందుగాల ఉంగురం తీసి నా చేతుల వెట్టు. నా కండ్లద్దాలు గా టీవీ మీదున్నయ్, అందియ్యి.

ఆ, ఇదే. మా అత్త బుచ్చమ్మది. స్వీటీ, నీకు తెల్వదు గద, మా అత్త అంటె దీని నాయినకు నానమ్మ. ఈ కట్టు సూడు, వెండిది, వెనుక దిక్కు ఖుల్లా ఉంటది. రాయి తోలుకు తాకాలె అని గట్ల చేపిస్తరు. మాదన్నపేటల ఇప్పుడు కింద మీరు స్కూటీ పెట్టిండ్రు సూడు, గా జాగ అంత మా బర్రెల కొట్టం ఉండె. ఆమె పాల క్యాను నెత్తిన వెట్టుకొని మొఘల్‌పురా దాక నడిసి పోయేది. అక్కడ పెద్ద పెద్ద బేగమ్‌లు పర్దా ఎనుకనుంచి గిన్నె అందిచ్చేది. ఒకామె అన్నదట, ‘బుచ్చమ్మా, దూద్ మే పానీ జ్యాదా హో రా.’ పాలల్ల నీళ్లెక్కువైతున్నయని. ఇగ మా అత్త ఊకుంటదా, ‘పానీ హోనా తో నల్లా ఖోలో బేగం, మేరే కో కాయ్‌కు బులాయే’ అన్నదట, నీళ్లే గావాలంటె నల్లా ఇప్పుకో, నన్నెందుకు పిలిచినవని. గాడ దర్వాజ ఎనుక ఆడోళ్లంత నవ్వుడే నవ్వుడు. మల్ల గా బేగమే మా పెండ్లికి షీర్ ఖుర్మా పంపింది. ఏదో చెప్పబోయి ఏడికో పోతున్న. ఆ, ఉంగురం.

మా మామ ఎల్లప్ప. నోట్లె నాలుక లేనోడు. పొద్దుందాక బర్రెలు, పొద్దుగూకితె కల్లు కంపౌండు, గంతే ఆయన లోకం. గాని బర్రెను కొనుడంటె ఆయన్నే పిలుస్తుండె పేటల అందరు. రోహ్‌తక్ దాక పొయ్యి ముర్రా బర్రెలు తెస్తుండె, గూడ్సు బండిల, వాటితోనే గడ్డిల పండుకుంట. పోతె ఎప్పుడొస్తడో తెల్వదు. ఫోన్లు గిట్ల ఏడియి. ఆయన పోయినంక అత్త మామూలుగనే తిరిగేది, మామూలుగనే అరిసేది, కాకపోతె తిండి సగానికి పడిపోయేది. మర్లొచ్చి, ఆమె బక్కగైంది జూసి, అది మామ కనిపెట్టిండు. నోరిప్పి అడగలేదు, పత్తర్‌గట్టిల మౌలా సాబ్ కాడికి పోయిండు.

మౌలా సాబ్ అంటె, గోడ పక్కన చెక్కపెట్టె ముందలేసుకొని కూసునే ముసలాయన. గా పెట్టెల ఉంగురాలకు పెట్టే రాళ్లు, ఎర్ర యమనీ అకీక్‌లు, నల్లగుండి నడుమ తెల్ల గీతలు పోయే సులేమానీలు, ఫిరోజాలు. నేను గూడ చూసిన. అకీక్ తీసి చెంపకు ఆనిచ్చేది, సల్లగుండాలె, జల్ది వేడెక్కిందంటె అది గాజుముక్క అనేది. అకీక్ మొండిదట, కత్తి గీత గూడ పడదట. ఫిరోజా గట్ల కాదు, మెత్తది. అండ్ల గూడ మూడు నాలుగు రకాలు. ఇరానీది అయితె ఒక్క గీత లేకుంట ఆకాశం లెక్క ఉంటది. తిబ్బతీది పచ్చ మీద ఉండి నల్లజాలి అల్లుకొని ఉంటది. మిస్రీది జర పాలిపోయినట్టు ఉంటది. ఏంది స్వీటీ, ఫోన్ల గూడ గదే ఉన్నదా? చూసినవా మరి. సూది ఎర్రగ కాల్చి పెడితె ప్లాస్టిక్ వాసన వచ్చేటివి గూడ ఉంటయ్, అవి కూడ రాసిండ్రా? రాసిండ్రు. మంచిది.

మామ ఇరానీది ఏరుకున్నడు. మౌలా సాబ్ దానికి రెండు ముచ్చట్లు చెప్పిండట. మొదటిది, ‘ఎల్లప్పా, ఫిరోజా వఫాదార్ పత్థర్ హై, నమ్మకమైన రాయి. ఇచ్చినోనికి ఆపద వస్తె పెట్టుకున్నోళ్ల చేతిమీద రంగు మారి చెప్తది.’ రెండోది, ‘ఔర్ సునో, యే పీనేవాలా పత్థర్ హై. ఏది తాకితె అది తాగుతది. తేల్ నక్కో, ఘీ నక్కో, ఇత్తర్ నక్కో, సాబన్ నక్కో.’ నూనె, నెయ్యి, అత్తరు, సబ్బు ఏదీ తాకనియ్యొద్దని. మా మామ మొదటిది శ్రద్ధగ విన్నడు. రెండోది చెప్పే యాళ్లకు కాళ్లు కంపౌండు దిక్కు తిరిగినయ్.

ఇంటికొచ్చిండు, అత్త బర్రెను కడుగుతున్నది. తడిచేయి వట్టుకొని ఉంగురం తొడిగిండు. ‘గిది నీలంగున్నన్ని దినాలు నేను బాగున్నట్టు. ఊకె ఫికర్ చేయకు’ అన్నడు. ఆయన నోటెంట ఒకేసారి అన్ని మాటలు నేను మల్ల ఎన్నడు వినలె. నేను అప్పుడు కొత్త కోడల్ని, గడపల కూసొని గడ్డి కోస్తున్న. అత్త ఏమన్నదో తెలుసా, ‘కొట్టంల అన్ని బర్లకు నీలిపూసలు గట్టినవు, దిష్టికి. నేనొక్కదాన్ని మిగిలిన్నని నాకూ గట్టినవా’ అన్నది. అన్నదే గాని తీయలె. పాలు పిండుతున్నంతసేపు చెయ్యి తిప్పి తిప్పి చూసుకుంటనే ఉన్నది.

మామ రోహ్‌తక్ పోయిండు. సదర్‌కు ముందలే వస్త అన్నడు. సదర్ అంటె, స్వీటీ, దీపావళి అయినంక మావోళ్లు బర్లకు కొమ్ములు దిద్ది, గవ్వల దండలేసి ఊరేగిస్తరు సూడు, గదే. ఇగ అత్తకు తెల్లారంగనే అదే పని. లేసి, మొగం కడగకముందే చెయ్యి ఎలుగుల వెట్టి రాయి చూసుడు. నీలం. అంటె మనిషి మంచిగున్నడు. అప్పుడు పొయ్యి ముట్టిచ్చుడు. రోజు సల్ల చిలికినంక మోచేతి దాక కుండల చెయ్యి వెట్టి వెన్న దేవేది, ఉంగురం తీయాలని తెల్వదు గద పాపం, చెప్పాల్సినోడు చెప్పనే లేదు. ఒకనాడు నన్ను పిలిచింది. ‘చంద్రా, గిట్ల రాయే, గిది జూడు’ అన్నది. రాయి అంచుకు, గోడకు పాకురు వట్టినట్టు, సన్నగ పచ్చ. నేను చీరె కొంగుతోటి తుడిసిన, పోలె. బూడిదతోటి రాకిన, పోలె. ఆమె మొగం జూసి నాకు భయమైంది.

సదర్ వచ్చింది, పోయింది. మా బర్లకు దండలెయ్యలె. మామ రాలె. రాయి పచ్చ రోజు జరంత లోపటికి జరుగుతున్నది. ఆమెకు పాలు పిండుట్ల ధ్యాస లేదు, అది బర్రెకు తెలుస్తది, పాలు సేపకపోయేది. ఇంటి ముందు గిరాకి నిలవడి లొల్లి. మైసమ్మకు మొక్కింది, మొఘల్‌పురా బేగం కాడికి పొయ్యి దువా చేయిమన్నది. ‘నాయినా, అన్నా, ఎవ్వలన్న పొయ్యి చూసి రారాదు’ అని పేటల మొగోళ్లను బతిలాడింది, వాళ్లు ఏడికని పోతరు. ఆఖర్కి ఒకనాడు పాల క్యాను సగం దారిల నాకిచ్చి తను పత్తర్‌గట్టి దిక్కు మర్లింది. నేను ఊకుంటనా, క్యాను ఒక దుకాణంల వెట్టి ఎనుకనే పోయిన.

మౌలా సాబ్ ముందల కూసొని చెయ్యి చాపింది. పర్దా ఎనుక బేగమ్‌లను నవ్విచ్చే మనిషి, ఆయన మొగమే చూస్తున్నది. ఆయన ఉంగురం గుంజి, ఎలుగుల జూసిండు, మల్ల ముక్కు కాడ వెట్టుకొని వాసన జూసిండు. నవ్వలె. నవ్వి ఉంటె ఆమె ఆడనే పడిపోతుండె. మెల్లగ అన్నడు, ‘అమ్మా, యే ఖత్రా నైఁ, మస్కా హై.’ ఇది ఆపద కాదు, వెన్న అని. ఏం పని జేస్తవు అని అడిగి, ఇచ్చినోడు రెండో ముచ్చట మింగేసిండని సమజ్ చేసుకొని, రాయి గుణమంత మల్ల మొదటికెల్లి చెప్పిండు. సూదిమొన బొక్కలుంటయట దాని మేనినిండ, కంటికి కనవడయ్. అండ్లకెల్లి నూనె, చెమట, వెన్న లోపటికి వోతయట.

నమ్మిందనుకున్నవా? నమ్మలె. ముసలాయన తన బాధ జూడలేక చెప్తున్నడు అనుకున్నది. అనుకొని ఏం జేసిందో ఇను, ఇది నువ్వు ఇనాలె కీర్తీ. పెట్టెల అడుగున పడున్న కచ్చా ఫిరోజా తుంట ఒకటి అడుక్కున్నది, ఎవ్వల చేతికి ఎక్కనిది, ఎవ్వలు ఎవ్వలికి ఇయ్యనిది. ఇంటికి తెచ్చి వెన్న గురిగిల ముంచి మూత వెట్టింది. దీనికి మొగడు లేడు గద, ఇది గూడ పచ్చగైతె తప్పు వెన్నదే అన్నది. రోజు మూత తీసుడు, తుంటను బట్టతోటి తుడిసి ఎండల జూసుడు. అది చూరా రాయి, సుద్ద లెక్క మెత్తది, జల్ది తాగింది. ఒకనాడు బట్టల కెల్లి తుంట పచ్చగ బయటికొచ్చింది. ఆమె గురిగి పక్కన కూలవడి నవ్వింది, నవ్వుకుంటనే ఏడ్సింది, మల్ల నన్ను అన్నం వెట్టుమన్నది. రెండుసార్లు వెట్టించుకొని తిన్నది.

మామ గటెనుకనే దిగిండు. గడ్డం పెరిగి, ఒక బర్రె, దాని ఎంబడి చిన్న దుడ్డె. బల్హార్షా కాడ బండిలనే బర్రె ఈనిందట, దుడ్డె లేవలేకపోతుందని దించుకొని, ఎవ్వలదో కొట్టంల ఉండి, నోట్లె పాలు పోసి బతికిచ్చుకొని తెచ్చిండు. ఒక్క కార్డు ముక్క రాపియ్యరాదా అని అత్త ఎగిరింది. ఆయన బీరిపొయ్యి చూసి, ‘రాయి ఉన్నది గదనే నీ కాడ. అది నీలంగుంటె నేను మంచిగున్నట్టే గద’ అన్నడు. గా రాయి మీద భరోసతోటే నిమ్మలంగున్నడు మనిషి. అత్త చెయ్యి తీసి ఆయన మొగం ముందల వెట్టింది. పచ్చగున్నది జూసి ఆయన తెల్లవొయ్యిండు. తన కడుపు, కాళ్లు, ఛాతి తడుముకొని చూసుకున్నడు, నాకేమైందే అని. అప్పుడు నవ్వింది సూడు మా అత్త, మాదన్నపేట మండి దాక ఇనవడ్డది.

అప్పటికెల్లి సల్ల చిలికేముందల ఉంగురం తీసి గూట్లె వెట్టేది. కవ్వం సప్పుడు ఇనంగనే కొట్టంలకెల్లి మామ అడిగేది, ‘ఉంగురం తీసినవానే?’ ఈమె, ‘తీసిన తీసిన, నీ బర్రెను జూసుకో’ అనేది. రోజు గదే ముచ్చట, ఎండ గాని వాన గాని. వాళ్లిద్దరు ఇంకేం మాట్లాడుకునేటోళ్లో నాకైతె తెల్వదు. అంచు పచ్చగ, నడుమ నీలంగ రాయి గట్లనే నిలవడ్డది. తప్పు వెన్నదని తేల్చుకున్న మనిషి గద, గాని తెల్లారంగనే చెయ్యి ఎలుగుల వెట్టుడు మాత్రం మానలె. ఎందుకే అత్తా అంటె, అలవాటు అనేది.

మామ పోయిన దినం మంచి ఎండ. బర్రెను కడుగుతున్నడు. గోడకు ఒరిగి కూసున్నడు, పైపు చేతులనే ఉన్నది, నీళ్లు పోతున్నయ్. అత్త ఇంట్లకెల్లి తిట్టుకుంట వచ్చింది, నల్లా నీళ్లన్ని మోరిల పోతున్నయ్, సోయి లేదా అని. కొద్దిసేపు తిట్టింది. ఆ తరువాత పైపు తీసి పక్కన వెట్టింది. జనం వచ్చిండ్రు, ఏడ్పులు. నేను ఆమెను పట్టుకొని కూసున్న. ఆమె ఏడ్వలె, కొంగుతోటి రాయి తుడిసింది, ఎండ దిక్కు తిప్పి చూసింది. పొద్దుగాల ఎట్లున్నదో గట్లనే ఉన్నది. ‘నువ్వన్న చెప్పకపోతివి’ అన్నది. కోపంగ కాదు, పసిపోరిని అన్నట్టు అన్నది, రాయితోటి. పెద్దమనుషులు గాజులు తీసిండ్రు, ఉంగురం గూడ తీయమన్నరు. పిడికిలి మూసింది. ‘ఇది సొమ్ము కాదు, నా బర్రెపూస’ అన్నది.

కర్మలు అయినంక ఒక పొద్దు కవ్వం ముందల కూసున్నది. తాడు గుంజుతున్నది, సప్పుడు వస్తున్నది, కొట్టంల బర్రె ఒక్కటే ఉన్నది. నాకు ఆ సప్పుడు ఇనబుద్ది కాలె. మామ అడిగినట్టే అడిగిన, ‘అత్తా, ఉంగురం తీసినవా?’ నా దిక్కు చూసింది. ‘ఉండనియ్’ అన్నది. గంతే. ఆ దినం కెల్లి వెన్న దేవినా, నెయ్యి కాసినా, నా పిల్లలకు నూనె రాసినా, గీ కీర్తి నాయినకు తలంటినా, ఉంగురం చేతికే. ఆమె పోయేనాటికి గిట్లయింది, నడుమ దాక.

ఇప్పుడు చెప్పు. గా పొర గీకుతన్నడు గద, ఆ పొర ఏందో వాన్ని అడిగినవా? గీకితె ఎవ్వలు పోతరో అడిగినవా? లోపట నీలం ఉన్నది, నాకూ తెలుసు. ఉండనియ్యి దాన్ని లోపటనే.

సరె గాని, స్వీటీ, ఫోన్ పక్కన వెట్టు బిడ్డా, ఫ్రిజ్ల కింది అరల మీగడ గిన్నె ఉన్నది, తీస్కరా. మిక్సీ వద్దు, కవ్వం గా తలుపు ఎనుక వేలాడ్తున్నది. కీర్తీ, ఇగో నీ ఉంగురం, తొడుక్కో. కూసో గిట్ల. చెయ్యి ముంచు. ఏందే, మల్ల ఎందుకు తీస్తున్నవ్. ఉండనియ్.