కొడుకు సారీ చెప్పకూడదు

నా ఈ వీడ్కోలు సభకు అధ్యక్షస్థానంలో కూర్చుని అప్పుడే గడియారం చూసుకుంటున్న నిర్మాతగారికి, నటీనటులకు, సాంకేతిక మిత్రులకు, నా ఏడుపు సీన్లన్నీ భోజనాల బల్ల దగ్గరే వినాల్సి వచ్చిన మావారికి నమస్కారాలు. (నవ్వులు)

సినిమాలకు రాసేటప్పుడు తెరమీద నా పేరు పడే వేళకు జనం ఇంకా సీట్లు వెతుక్కుంటూ ఉండేవారు; సీరియల్‌కొచ్చాక ఆ కాస్త వ్యవధిలో స్టవ్ మీద పాలు చూసి వస్తున్నారు. అయినా ఈ పనంటే నాకు ప్రాణం. పొద్దున రాసిన మాట మధ్యాహ్నానికి మేకప్ వేసుకుని ఎదురుగా నిలబడుతుంది, అంతకన్నా ఏం కావాలి?

మన సీరియల్‌లో తల్లి వేషం వేసే పెద్దక్క సంగతి చెప్పాలి. తల దించుకోకు అక్కా! గొంతు ఆపరేషనై ఆవిడకు మాట పోయినప్పుడు, నిర్మాతగారు, తమరే, నవ్వకండి, "తల్లిని చంపేద్దామమ్మా, గోడకు ఫొటో తగిలిస్తే సరిపోతుంది" అన్నారు. నాకు ఒళ్లు మండింది. ఈ వేషం పోతే ఆవిడను మళ్లీ పిలిచేదెవరు? అందుకని ఒక సీన్ రాశాను: కొడుకు నోరు జారతాడు, వాడు క్షమాపణ చెప్పేదాకా ఎవరితోనూ మాట్లాడనని తల్లి కాగితం మీద రాసి చూపిస్తుంది. అంతే, అప్పట్నుంచి వాడు పెళ్లి చేసుకున్నాడు, దివాలా తీశాడు, జైలుకెళ్లొచ్చాడు, గతం కూడా మరిచిపోయాడు. సారీ మాత్రం చెప్పలేదు. (నవ్వులు) పాపం ఆ వేషం వేసే అబ్బాయిని కూరగాయల కొట్లో ఒకావిడ పట్టుకుని, "కన్నతల్లికి ఒక్క మాట చెబితే నీ సొమ్మేం పోయిందిరా?" అని కడిగేసిందట. సెట్‌కొచ్చి, "మేడమ్, సీరియల్ చూసి ఇంట్లో మా అమ్మ కూడా ముభావంగా ఉంటోందండీ, ఒక్కసారి చెప్పేయనా?" అని బతిమాలాడు. "చెప్పావంటే నీకు యాక్సిడెంట్ రాస్తా" అన్నాను. (చప్పట్లు)

పెద్దక్క మాత్రం తెరమీద ఆ కొడుకుని కళ్లతో తిట్టింది, గిన్నె మీద మూత పెట్టే తీరుతో తిట్టింది. నేను రాసిన డైలాగులన్నీ ఆ నటన ముందు దండగ.

రేపట్నుంచి కథ నా శిష్యురాలిది. అమ్మాయ్, వెనకాల దాక్కోకు. నీ మొదటి ఎపిసోడ్ చదివాను, నాకు అసూయ పుట్టేంత బాగుంది. కానీ చివర్లో కొడుకు క్షమించమని అడుగుతున్నాడు. మరి తల్లి బదులు చెప్పాలి కదమ్మా? చెప్పలేకపోతే మళ్లీ ఆ ఫొటో మాట వస్తుంది. ఇంతమంది ముందు అడుగుతున్నాను, ఆ సీన్ తీసెయ్. నేను వెళ్లిపోతున్నందుకు దిగుల్లేదు, అక్కను ఇలా వదిలి వెళ్లాలంటేనే...

(ముందు వరుసలోంచి పెద్దక్క లేచి నిలబడ్డారు. బొంగురు గొంతుతో, ఒక్కో మాటా కూడదీసుకుంటూ: "తియ్యొద్దు. నేనే... రాయమన్నాను. మాట్లాడతాను." చాలాసేపు చప్పట్లు)

ఓసి అక్కా! ఎప్పట్నుంచి సాధన చేస్తున్నావు? నాతో ఒక్క మాటైనా అన్నావు కాదే! ఉండండి, కళ్లు తుడుచుకోనివ్వండి. నిర్మాతగారూ, విన్నారుగా? మీ అందరికీ నా కృతజ్ఞతలు. అబ్బాయ్, ఇంక ఆలస్యం దేనికి, రేపే సెట్‌కెళ్లి మీ అమ్మకు సారీ చెప్పుకో. సెలవు.