తడి ఆరని పెండ్లి లారీ

"బుధవారం పొద్దుగాల లారీ నీ వాకిట్ల ఉంటది కురుమన్నా, నా జబాన్" అన్నడు ఖాజా మియా. యాడుంటది! బుధవారం పాయె, గురువారం పాయె, శుక్రవారం నా లగ్గం, లారీ ఇంకా మియా షెడ్డుల్నే ఉండె. కూసో శ్రీనాథూ, గా బడి అర్జీ కాయితం మీద సంతకం చేస్త తియ్యి, యాడికి పోను? బడి గోడకు రంగేసి నెల కాలే, అంతా బీటలాయె. "ఎండకు ఏ రంగైనా పగులుతది" అంటుండట కాంట్రాక్టరు. గా మాట ఇన్నప్పటిసంది మియానే యాదికొస్తుండు. పోయి పదకొండేండ్లాయె, నువ్వు సూడలే. మన కొత్తకోట రోడ్డు మీద లారీలకు రంగులేసెటోడు. గడ్డానికి నీలమో ఎరుపో అంటుకోనే ఉండేది, రంజాన్ నాడు గూడ.

డెబ్బై రెండుల ముచ్చట. "లారీ ఉన్న పిలగాడు" అనే మా మామ ఇటిక్యాల కెల్లి పిల్లనిచ్చిండు. బస్సుల పోయి దిగితే మొగం యాడ పెట్టుకోను? తెల్లారంగనే షెడ్డుకు ఉరికిన. లారీకి దుమ్ము తగలకుంట సుట్టూ గోనెపట్టాలు కట్టి, పక్కన మంచమేసుకోని పండుకున్నడు మియా. "మాట తప్పితివి గద!" అని మీదికి పోయిన. "తప్పిన భాయ్. మొగులు పట్టె, కింది పూత ఆరలే. మీద ఆరినట్టే ఉంటది, లోపల పచ్చి. బొటనేలుతోటి ఒత్తి తిప్పితే పొర కదిలింది. దాని మీద ఇంకో పూత ఏస్తే నీకు పెండ్లి, నాకు బీటలు. రెండు దినాలు ఆగి, రాత్రే పల్సగ ఏసిన" అన్నడు. "మల్ల నేనేం జెయ్యాలె?" అన్న. "తీస్కపో. గని నేను గూడ వస్త" అన్నడు.

వచ్చిండు సామీ! తలుపు కాడ మెట్టు మీద నిలబడి, కృష్ణ వంతెన దాటేదాంక "ముట్టకుర్రి, ముట్టకుర్రి" అని ఒకటే లొల్లి. మా మేనత్తలు పట్టుచీరెలు ఎగ్గట్టుకోని ఎన్క నుంచి దొంగలోలె ఎక్కిండ్రు. ఇటిక్యాలల ఆడోళ్లు లారీకి పసుపు పెట్టనీకె వస్తే, "ఖబర్దార్! అద్దానికి పెట్టుర్రి!" అన్నడు. మా అత్త సత్తెమ్మ, "వీడేందమ్మా, పెండ్లికొడుకు కన్న ఎక్కువ చేస్తుండు" అనె. అందరు నవ్వుడే. మియా గూడ నవ్విండు, గని మెట్టు దిగలే.

అప్పగింతలప్పుడు పెండ్లిపిల్ల, మా జోగులమ్మ, ఏడ్సుకుంట వచ్చి తలుపు పట్టుకున్నది. నాలుగు వేళ్లు రంగుల దిగె. నా పానం పాయె, ఇగ మియా ఏమంటడో అని. గాయన వంగి సూసిండు, గడ్డం గోక్కున్నడు. "ఉండనీ బేటీ. నేను నా పేరు రాయలే, నువ్వే సంతకం పెట్టినవ్" అన్నడు. ఏడ్సేది ఫక్కుమని నవ్వె.

లారీ తుక్కుకు పోయింది గని తలుపు ఇయ్యలే. గదిగో, కోళ్ల గూటికి పెట్టిన. పో, సూడు. ముప్పై నాలుగేండ్ల ఎండ. నాలుగు వేళ్ల గుర్తు ఉన్నదా? బీట ఉన్నదా? ఇప్పుడామె వేళ్లు అండ్ల పట్టవు, గా మాట అంటే బువ్వ పెట్టదు, మెల్లగ మాట్లాడు.

మియా మాట తప్పిండు, రెండు దినాలు. ఈ కాంట్రాక్టరోళ్లు తప్పలే, ఒక్క దినంల మూడు పూతలు పూసి ఫోటో దిగి పోయిండ్రు! సర్కారు బడి పోరగాండ్లంటే అంత అలుసా? ఇటియ్యి కాయితం. ఏంది, 'నశించాలె' అని మూడుసార్లు రాసినవ్? ఒకటి చాలు. కింద ఇది రాయి: మా కోళ్ల గూడు కాడికొచ్చి తలుపు సూడుర్రి, ఎండకే పగిలిందని గప్పుడు చెప్పుర్రి. జులై పదిహేనుకల్ల జవాబు గావాలె. రెండు వేల ఆరు అని గూడ రాయి, లేకుంటే ఏ ఏడాది జులై అని అడుగుతరు.