రాజుగారి తోటలో పెళ్ళి గొడుగులు

బీజింగ్, చుంగ్‌షాన్ తోట. వసంతకాలం, ఆదివారం పొద్దున. పసుపు జెండా పట్టుకున్న గైడు తావ్ జిన్, చెవుల్లో చిన్న యంత్రాలు తగిలించుకున్న యాత్రికులు, అందరికంటే వెనకగా పాన్ లెయ్.

"...అదన్నమాట. చక్రవర్తి అంతటివాడు ఈ దిబ్బ ఎక్కి, ఐదు రంగుల మట్టి ముందు మోకాళ్ళ మీద కూర్చుని పంటలు పండించమని అడుక్కునేవాడు. కాసేపు మీరే చూసుకోండి. మట్టి మాత్రం జేబులో వేసుకోకండి, పోయిన వారం ఒకాయన వేసుకున్నాడు."

"గైడుగారూ, నాదొక సందేహం."

"అడగండి."

"గైడుగారి భర్త ఏం చేస్తుంటారు?"

"ఉండు, మైకు కట్టెయ్యనీ. పచ్చలైటొచ్చింది, ఇంకోసారి నొక్కాలి. ఇదిగో, ఎర్రలైటు. ఆగింది. పాన్ లెయ్, నీకసలు బుద్ధుందా?"

"ఎర్రలైటంటే ఆగినట్టేనా?"

"రోడ్డు మీద ఎలాగో ఇదీ అలాగే. కొత్త మైకు, ఇవాళే ఇచ్చారు. మాట మార్చకు. భర్త అంటావేంటి అందరి ముందూ? నిన్ను ఈ గుంపులో ఏమని చేర్చాను?"

"హెనాన్ నుంచి వచ్చిన ఒంటరి యాత్రికుడు."

"మరి ఒంటరి యాత్రికుడిలా ఉండు. అంత దగ్గరికి రాకు. చెయ్యి వదులు."

"ఇది జెండా పట్టుకున్న చెయ్యి కాదుగా."

"ఏ చెయ్యయినా వదులు. నీ బాతు పడవలేమయ్యాయి?"

"బెయ్‌హాయ్ చెరువులోనే ఉన్నాయి, రెక్కలున్నాయి గానీ ఎగరవు. నాకివాళ మధ్యాహ్నం షిఫ్టు. ఈలోగా మా ఆవిడ రాజులని తిడుతుంటే విందామని వచ్చాను. చాలా బాగా తిడుతున్నావు."

"నిజంగానా?"

"నిజంగా. మోకాళ్ళ మీద కూర్చుని అడుక్కునేవాడు అన్నావు చూడు, అక్కడ నాకు నిన్ను మళ్ళీ పెళ్ళి చేసుకోవాలనిపించింది."

"సిగ్గులేదు నీకు. ఏంటది, ఆ టోపీ పెద్దమ్మ ఏం తింటోంది?"

"మిఠాయి."

"ఎవరిచ్చారు?"

"నేనే. అందరికీ పంచాను."

"ఎర్రకాగితం చుట్టినవా? కాగితం మీద జంట సంతోషం అక్షరం ఉన్నవా? మన పెళ్ళి మిఠాయిలా?"

"జేబు నిండా ఉన్నాయి, ఏం చేసుకోను? ఎవరి పెళ్ళి బాబూ అని అడిగింది పెద్దమ్మ. మా అన్నయ్య పెళ్ళి అన్నాను."

"నీకు అన్నయ్య లేడు."

"ఇప్పుడున్నాడు. మంచివాడు. వదిన కూడా చాలా అందగత్తె, కాస్త కోపిష్టి."

"పాన్ లెయ్, నవ్వించకు. ఇవాళ ఏ వారం?"

"ఆదివారం."

"ఆ పాత చెట్ల కింద, గోడ వారన, ఆ గొడుగులన్నీ ఏంటి?"

"పెళ్ళి సంత. తెలీనిదెవరికి? అమ్మలూ నాన్నలూ పిల్లల వివరాలు రాసి గొడుగులకి అంటించుకుని కూర్చుంటారు. పూర్వం ఆ గోడ అవతల కోటలో అమ్మాయిల్ని వరసగా నిలబెట్టి రాజుగారికి ఎంచేవాళ్ళట కదా. ఇప్పుడు గోడకి ఇటువైపు జరుగుతోంది, అంతే తేడా. అయితే?"

"ఆ నీలం గొడుగు మా అమ్మది."

"...ఇవాళ ఇంట్లోనే ఉంటుందన్నావు."

"మోకాలు నొప్పి, రానంది. పొద్దున్నే లేచి జడ వేసుకుని నాకంటే ముందే బయల్దేరింది. ఆ గొడుగు మీద ఉన్నది నేనే. కుందేలు ఏట పుట్టిన అమ్మాయి, డిగ్రీ చదివింది, యాత్రల కంపెనీలో ఉద్యోగం, నెమ్మదస్తురాలు."

"నెమ్మదస్తురాలు అని రాసిందా?"

"నోరు మూసుకో."

"అత్తయ్యది ఆశావాదం."

"ఇంకా అత్తయ్య కాదు నీకు. పక్కన అల్లుడికి ఉండాల్సినవి రాసింది. బీజింగ్‌లో పుట్టి ఉండాలి. సొంత ఇల్లుండాలి. పులి ఏట పుట్టినవాడు అసలే వద్దు."

"నేను పులినే."

"బీజింగూ కాదు, ఇల్లూ లేదు, పులివి. నిన్న అన్నం దగ్గర కూడా మళ్ళీ అదే పాట. పులి ఉన్న ఇంట్లో కుందేలు ఎన్నాళ్ళు బతుకుతుందే అని."

"కుందేలే పులిని మెడపట్టుకుని రిజిస్ట్రారు ఆఫీసుకి ఈడ్చుకెళ్ళి పెళ్ళి ఎర్రపుస్తకం మీద సంతకం పెట్టించిందని చెప్పకపోయావా?"

"ఈడ్చుకెళ్ళానా? గంట ముందే వచ్చి మెట్ల మీద కూర్చున్నదెవరు?"

"చలికి వణుకుతూ కూర్చున్నాను. భయమనుకున్నావా?"

"ఆ పుస్తకం ఇంట్లోనే పెట్టావు కదా?"

"దగ్గర్లోనే ఉంది."

"పాన్ లెయ్."

"చొక్కా లోపలి జేబులో ఉంది. అప్పుడప్పుడూ తీసి ఫోటో చూసుకుంటాను. ఫోటోలో నువ్వు తుమ్మబోతున్నట్టున్నావు."

"ఇక్కడ మాత్రం బయటికి తీయకు."

"సరే, వెళ్ళి చెప్పేద్దాం రా. ఇవాళ చెబుతానన్నావు. పోయిన ఆదివారమూ చెబుతానన్నావు. ఒకసారి తిడుతుంది, రెండుసార్లు తిడుతుంది. నాకు తిట్లు అలవాటే, బాతు పడవలు తిప్పే వాణ్ణి."

"తిట్లకి కాదు నా భయం."

"మరి?"

"నాన్న పోయాక అమ్మ గుమ్మం దాటేది కాదు. వంట కూడా నేనే. తినమంటే తినేది, పడుకోమంటే పడుకునేది. ఎవరో పక్కింటావిడ ఈ తోటకి లాక్కొచ్చింది, కూతురికి సంబంధం చూసుకో అని. ఆ వారం గొడుగు కొంది. తర్వాతి వారం జుట్టుకి రంగేసుకుంది. ఇప్పుడు శనివారం నుంచే హడావుడి. రెండు డబ్బాల్లో కుడుములు సర్దుతుంది, పాట కూడా పాడుతుంది. నా పెళ్ళి అయిపోయిందంటే ఆ గొడుగు మూసెయ్యాలి కదా. మా అమ్మ చేతిలోంచి ఆదివారం లాగేసుకున్నట్టు ఉంటుంది. అది చూడలేను."

"...ఇది నాకెందుకు చెప్పలేదు?"

"ఇప్పుడు చెప్పానుగా."

"రెండు డబ్బాలు ఎవరికి?"

"ఒకటి తనకి, ఒకటి చి మాష్టారికి. పక్క గొడుగు ఆయనది. రిటైరయ్యారు, లెక్కలు చెప్పేవారట. కొడుక్కి సంబంధం చూస్తున్నారు, ఎప్పటినుంచో. ఆ కొడుకు గురించి వినీ వినీ నా చెవులు అరిగిపోయాయి. బ్యాంకులో ఉద్యోగం, కళ్ళజోడు, గట్టిగా మాట్లాడడు."

"చూడ్డానికి బావుంటాడా?"

"కుళ్ళుకుంటున్నావా?"

"లేదు. కొంచెం."

"ఎవరు చూశారు? అమ్మ ఫోటో అడిగితే మాష్టారు వచ్చే వారం తెస్తానంటారట. ఎన్ని వచ్చే వారాలు అయిపోయాయో."

"అంత గొప్పవాడైతే నీకే ఎందుకు చూడలేదు అత్తయ్య?"

"అదే విచిత్రం. అన్నీ పొగిడి చివర్లో, నీకు సరిపడడులే అంటుంది. సరే, కబుర్లు చాలు. కుడివైపు దారిలో వెళితే నీలం గొడుగు ముందే పడతాం. వీళ్ళని ఎడమవైపు నుంచి, నీళ్ళ పక్కగా తిప్పాలి."

"చూడు, వాళ్ళే ఎడమకి తిరిగారు."

"నేనింకా చెప్పందే?"

"ఎంత బుద్ధిమంతులో. నా పడవలెక్కేవాళ్ళకి లైఫ్‌జాకెట్ వేసుకోమని గొంతు చించుకున్నా వినరు. జిన్, ఆ ముందున్న పెద్దాయన నన్ను చూసి బొటనవేలు ఎత్తుతున్నాడెందుకు?"

"మిఠాయి నచ్చిందేమో. ఇటే వస్తున్నాడు, దూరం జరుగు. చెప్పండి పెదనాన్నా, ఐదు రంగుల మట్టి గురించా?"

"పులి గురించమ్మాయ్. నేనూ పులినే. మా ఆవిడ కుందేలు. నలభై ఏళ్ళయింది కాపురం పెట్టి. ఎవరు ఎవర్ని తింటున్నారో వచ్చి మా ఇంట్లో చూడమను మీ అమ్మని."

"పెదనాన్నా, మీకు... మీకెలా..."

"ఎర్రలైటు వెలుగుతున్నంతసేపూ మాకు వినబడుతుందమ్మా. మట్టి దగ్గర్నుంచీ వింటున్నాం. చాలా బావుంది. వెనక వరసలో ఇద్దరు ఏడ్చారు కూడా, ఆ కుడుముల దగ్గర."

"అయ్యో. అయ్యో అయ్యో. పాన్ లెయ్, ఇదెలా ఆగుతుంది?"

"నొక్కు, నొక్కు దాన్ని."

"నొక్కుతున్నాను. టోపీ పెద్దమ్మ ఏది? పెదనాన్నా, మన టోపీ పెద్దమ్మ కనబడదేం?"

"ఆవిడ సంతలోకి పోయింది, తమ్ముడి కొడుక్కి పిల్లని చూడాలంటూ. అదిగో."

"చెవిలోది తీయకుండానే వెళ్ళిందా?"

"తీసిందిలే. తీసి ఆ నీలం గొడుగు ఆవిడ చెవిలో పెట్టింది, ఇది వినండి భలే ఉంది అని."

"ఎప్పుడు?"

"కుందేలు పులిని ఈడ్చుకెళ్ళిందే, అప్పుడు."

"జిన్, ఒక బాతు పడవ ఎక్కి చెరువు మధ్యకి వెళ్ళిపోదామా?"

"ఎక్కడికి పోతాం, వచ్చేస్తోంది. మోకాలు నొప్పిట. ఆ నడక చూడు. అమ్మా, అమ్మా, నేను చెబుదామనే..."

"ముందు ఆ మైకు కట్టెయ్."

"కట్టేశానమ్మా."

"నేనూ ఒకసారి నొక్కానండీ, జాగ్రత్తకి."

"నువ్వేనా పులివి?"

"అవునండీ. పాన్ లెయ్ అంటారు."

"ఇంత సన్నగా ఉన్నావేంటి? పులంటే ఏదో అనుకున్నాను."

"అమ్మా, అంతా విన్నావా?"

"వింటేగానీ తెలీదనుకున్నావా? పోయిన వారం నీ కోటు ఉతకబోతే జేబులో ఎర్రకాగితాలు. ఒకటి కాదు, గుప్పెడు. ఎవరి పెళ్ళిలో అన్ని మిఠాయిలు తింటారే, సొంత పెళ్ళిలో తప్ప?"

"మరి అడగలేదేం?"

"అడిగితే నిజం చెబుతావు. ఆ భయంతోనే నోరు మూసుకున్నాను. నిన్న పులి గురించి ఎందుకంత గట్టిగా అరిచాననుకున్నావు? భయపడి ఇంకో నాలుగు వారాలు దాస్తావని."

"దాయాలా? నీకు... కోపం లేదా?"

"కోపం ఎందుకు లేదు, ఇంటికి రా చెబుతాను. నాకు చెప్పకుండా సంతకం పెట్టొస్తావా? ఇల్లు లేదు, వాకిలి లేదు, బాతులట. అది తర్వాత. ఇప్పుడు చూడు ఏం చేశావో. గుంపుగుంపంతా వింది. కూతురికి పెళ్ళయిందని ఊరంతా తెలిశాక ఆ గోడ పక్కన ఏమని కూర్చోమంటావు నన్ను?"

"ఊరికే కూర్చో అమ్మా. తోట అందరిదీ. రాజులు పోయి వందేళ్ళయింది."

"ఊరికే కూర్చుంటే ఊరికే కూర్చున్నట్టుండదా? గొడుగుంటే ఒక పని. పనుంటే పక్కవాళ్ళతో నాలుగు మాటలు."

"పక్కవాళ్ళంటే..."

"పళ్ళికిలించకే."

"అమ్మా, చి మాష్టారికి నువ్వే చెప్పేయొచ్చు కదా, మా అమ్మాయి పెళ్ళయిపోయింది, అయినా వస్తూంటాను అని. ఆయనేమీ అనుకోరు. మీ అబ్బాయికి నేనూ సంబంధాలు చూసిపెడతానను."

"ఆ మాట మాత్రం ఆయన దగ్గర ఎత్తకండి మీరిద్దరూ."

"ఏం?"

"ఏం లేదు. ఎత్తకండి."

"అత్తయ్యా, ఆ కొడుకులో ఏమైనా లోపముందా?"

"లోపమేం లేదు, బంగారంలాంటి పిల్లాడు. రెండేళ్ళ కిందటే పెళ్ళయింది. పాపని భుజాన వేసుకుని వీధి చివర కూరలు కొంటుంటే కళ్ళారా చూశాను, అచ్చు తండ్రి ముక్కే. మాష్టారి గొడుగు మీది కాగితం మాత్రం ప్రతి ఆదివారమూ కొత్తగా రాసినట్టుంటుంది. నాకు తెలుసని ఆయనకి తెలీదు. తెలిస్తే సిగ్గుపడి మానేస్తాడు. అందుకే ఫోటో ఏదండీ అని అడుగుతుంటాను, వచ్చే వారం తెస్తానంటాడు. వచ్చే వారం వస్తాడు. నాకదే చాలు. అలా గుడ్లప్పగించి చూస్తావేంటే?"

"అమ్మా, టోపీ పెద్దమ్మ నీకిచ్చిన యంత్రం ఏది?"

"దాన్నేం చేసుకోను, ఇక్కడికి రావాలిగా. ఒక్క నిమిషం పట్టుకోండి అని మాష్టారి చేతిలో పెట్టొచ్చాను. ఎందుకు?"

"జిన్, నువ్వొకసారి నొక్కావు, నేనొకసారి నొక్కాను. మళ్ళీ ఎర్రలైటే వెలుగుతోంది."

"అయితే ఏమైంది? ఆయన చేతిలో ఉంటే ఏం వినబడుతుంది?"

"చేతిలో లేదత్తయ్యా, చెవిలో ఉంది. మాష్టారు గొడుగు మూసేసి ఇటే వస్తున్నారు."