గంగమ్మ రాయి మీది రాత

సముద్రం మధ్య దీవిలో, జంగ్లీఘాట్‌లో ఒక జాలరి ఇంటి పెరడు. పసుపు పూసిన రాయి ముందు తల్లి కోడిని అదిమి పట్టుకుంది. వేటకెళ్లి నిన్న రావలసిన భర్త డింగీ పడవ ఇంకా రాలేదు. కూతురు ఫోన్‌తో పరుగెత్తుకొచ్చింది.

“రుకో అమ్మా! కత్తి పక్కన పెట్టు.”

“తప్పుకోయే. మీ అయ్య వైర్‌లెస్‌లో కూడా పలకట్లేదు. గంగమ్మకి మొక్కు ఆలస్యం సెయ్యకూడదు.”

“రాయి మీద గీతలున్నాయి కదా, అవి అక్షరాలట. ఫోటో పంపితే మా హిస్టరీ సార్ చదివారు.”

“మీ తాత కళింగపట్నం నించి ఓడలో మోసుకొచ్చిన రాయది. అవి అమ్మోరి గురుతులే.”

“కాదమ్మా. బుద్ధుడి దారి పట్టాక అశోక మహారాజు చెక్కించిన మాటట.”

“ఏటన్నాడు?”

“‘ఇక్కడ ఏ ప్రాణినీ చంపి బలి ఇవ్వకూడదు.’”

“ఇక్కడంటే?”

“ఈ రాయి ఉన్న చోట.”

“ఓలమ్మో! నేను కాపరానికొచ్చిన కాడి నించి ఏటేటా దీని మీదే కోస్తన్నాం కదే!”

“మనకి తెలీదు కదమ్మా.”

“తెలీనప్పుడు ఎల్లినోళ్లందరూ తిరిగొచ్చినారే! ఇప్పుడు తెలిసి కోస్తే ఆ రాజు ఊరుకుంటాడా? కొయ్యకపోతే అమ్మోరు ఊరుకుంటాదా?”

“అయితే కోడిని వదిలెయ్.”

“వదల్ను. ఇదిగో, నువ్వు పట్టుకో.”

“కొయ్యడానికా?”

“కొయ్యొద్దు, వదలొద్దు. మీ అయ్య డింగీ జెట్టీకి సేరేదాకా అలాగే పట్టుకో.”