ఎర్రజట్టులో మూడో చోటు

(కోట ముట్టడి ఆట మొదలయ్యే ముందు, ఎర్రజట్టు గది. ఎవరి ఫోన్లో వాళ్ళు, ఎవరి చోట వాళ్ళు. ఇక్కడి మాటలు ఈ జట్టువాళ్ళకే వినిపిస్తాయి.)

"...కాదమ్మా, నీ మంచికే చెప్తున్నా. అక్కడ మీట ఉంది చూడు, అది నొక్కి నీలం జట్టులోకి మారిపో. వాళ్ళకో మనిషి తక్కువున్నాడు."

"మీకూ తక్కువేగా అన్నా. ఇద్దరే ఉన్నారు."

"మేమిద్దరం చాలు. ఏమంటావ్ దర్జీ?"

"ఇద్దరు కూడా ఎక్కువే డ్రైవరన్నా. ఓడిపోడానికి ఒక్కడు సరిపోతాడు."

"నువ్వు నోరు మూసుకో."

"ఓడిపోడానికా?"

"వాడి మాటలు పట్టించుకోకమ్మా. పొద్దస్తమానం మిషను ముందు కూర్చుని అలా తయారయ్యాడు. నీ పేరేంటి?"

"కత్తెర."

"అది ఆటలో పేరు. సరే, ఉంచుకో. ముందెప్పుడైనా ఈ ముట్టడి ఆడావా?"

"చూశాను."

"చూస్తే వచ్చేస్తుందా? అడవుల్లో తిరిగి మూలికలు ఏరుకోవడం కాదు ఇది. అటు ముగ్గురు, ఇటు ముగ్గురు. ఎదుటివాళ్ళ బురుజు ఎవరు ముందు కూలిస్తే వాళ్ళది గెలుపు. చచ్చినవాడు..."

"కాసేపాగి వెనకనుంచి లేచి వస్తాడు. ఎదుటివాడు బాగా దగ్గరికొస్తే వాడి గొంతు మనకి, మన గొంతు వాడికి వినపడుతుంది. ఆట అయిపోయాక రెండు జట్ల మైకులూ కలుస్తాయి. అంతేగా?"

"అబ్బో. బాగానే చూశావే."

"చూశానన్నాగా."

"మరి అటుపక్క నాయకుడు ఎవరో చూశావా?"

"గొడ్డలి."

"ఆఁ, గొడ్డలి. వాడితో పెట్టుకోకు తల్లీ."

"పెట్టుకోడానికే వచ్చా."

"అన్నా, ఈవిడ మన కొంప ముంచేట్టుంది. చెప్పెయ్."

"ఏం చెప్పాలి?"

"ఏం లేదమ్మా. ఆటలో గెలుపోటములు..."

"అలా నాన్చకు అన్నా. మందుల షాపువాడికి చెప్పకపోతే ఏమైంది? వాడు తిన్నగా వెళ్ళి బురుజు మీద పడ్డాడు. మనమే వాణ్ణి వెనకనుంచి పొడిచి చంపాల్సొచ్చింది. ఈవిడకైనా చెప్పెయ్."

"మీవాణ్ణి మీరే చంపారా?"

"చంపాం. అప్పుడు మానేసిపోయాడు. అందుకే మూడో చోటు ఖాళీ."

"ఎందుకు చంపారన్నా?"

"మనం ఓడిపోవాలమ్మా. గొడ్డలి అటుపక్క ఉన్నాడంటే ఎర్రజట్టు ఓడాల్సిందే. ఇక్కడందరికీ తెలుసు. ఎవరూ పైకి అనరు."

"అంత పెద్ద మొనగాడా?"

"మొనగాడా, వాడి బొంద! దర్జీ ఒక్కడే కళ్ళు మూసుకుని వాణ్ణి ముక్కలు చేస్తాడు. అది కాదు. వానలు పడ్డ రోజుల్లో ఒకసారి మేం గెలిచాం. ఊరికే కాదు, చితక్కొట్టాం. బురుజు కూలింది, మైకులు కలిశాయి. వాడు తన మైకు ఆపడం మర్చిపోయాడు."

"తర్వాత?"

"కుర్చీ తన్నేసిన చప్పుడు. 'నీ ఏడుపు మొహం ఎదురొచ్చింది, అందుకే ఓడాను' అన్నాడు ఎవరితోనో. ఆ తర్వాత... వద్దులేమ్మా."

"చెప్పన్నా."

"కొట్టాడు. గిన్నెలేవో పడ్డాయి. తల ఇనుముకో గోడకో తగిలితే ఎలాంటి చప్పుడొస్తుందో నాకు తెలుసు. బస్సు నడిపేవాణ్ణి, సడెన్ బ్రేకు వేసినప్పుడల్లా వెనకనుంచి వింటాను. అదే చప్పుడు. ఒకసారి కాదు."

"ఆవిడ... ఆవిడేమీ అనలేదా?"

"అదే నన్ను తినేస్తోంది. ఒక్క కేక వెయ్యలేదు. చివర్లో 'పాప లేస్తుంది' అంది. అంతే. డిపోలో నా బస్సు తీయాల్సిన టైము దాటిపోయినా అలాగే కూర్చున్నా."

"నేను బట్ట మీద అలాగే మిషను తొక్కేశా. చొక్కా పాడైపోయింది."

"నీ చొక్కా గోల ఎందుకురా ఇప్పుడు! ఆ తర్వాత ఇంకోసారి గెలిచాం. మళ్ళీ అదే. మేం ఓడిన రోజు మాత్రం చడీచప్పుడూ ఉండదమ్మా. నవ్వుతాడు, 'బాగా ఆడార్రా తమ్ముళ్ళూ' అంటాడు, మైకు ఆపేసుకుని పోతాడు. అప్పుడు అర్థమైంది. వాడు గెలిస్తే ఆ ఇల్లు చల్లగా ఉంటుంది."

"అందుకని ఓడిపోతున్నారా? కావాలని?"

"మరేం చేయమంటావ్? పోలీసులకి చెప్దామంటే ఏ ఊరో, ఏ పేరో. ఆట కంపెనీవాళ్ళకి రాశాం. వాణ్ణి కొన్నాళ్ళు ఆటలోకి రానివ్వం అన్నారు. రానివ్వకపోతే వాడి కసి ఎవరి మీద తీర్చుకుంటాడు? మేమే బతిమాలి ఆపించాం."

"అందుకేనా ఈమధ్య ఒక్కసారీ ఓడలేదు!"

"నీకెలా తెలుసు?"

"అదే... ఫలితాల పలక మీద ఉందిగా."

"గంట కొట్టాడన్నా. తలుపులు లేస్తున్నాయి."

"విన్నావుగా కత్తెరా? నువ్వు మన బురుజు వెనక ఊరికే నిలబడు. వాడొస్తే రెండు దెబ్బలు తిని పడిపో. నీకు పుణ్యముంటుంది. ఏయ్, ఎక్కడికి? ఎక్కడికమ్మా?"

"ముందుకి."

"ఆగు! దర్జీ, పట్టుకో!"

"నాకు అందితేగా! వంతెన దాటేసిందన్నా. అమ్మో, వాళ్ళవాణ్ణి ఒకణ్ణి కందకంలోకి తోసేసింది. మేకుల మీద పడ్డాడు పాపం."

"కత్తెరా, వెనక్కి రా. నా మాట విను."

"వాడొస్తున్నాడన్నా. దగ్గరికొచ్చాక నేను మాట్లాడను."

"ఎందుకు?"

"గొంతు బాగోలేదు."

"ఎవడ్రా ఈ కొత్త పురుగు? కత్తెరట! రారా, నీ పేగులు తీసి ఈ వంతెనకి తోరణం కడతా."

"గొడ్డలన్నా, వాడు కొత్తవాడు, వదిలెయ్. నేనున్నాగా, నన్ను కొట్టు."

"నువ్వు పక్కకి తప్పుకో డ్రైవరూ. వీడు నన్ను చూసి వంగలేదు. నాకెదురు నిలబడ్డాడు. ఏరా, మాట్లాడవేం? నాలిక కోసేశారా? ఇదిగో, తీసుకో! ఇంకోటి తీసుకో! భుజం ఊడిందా? ఆఁ? నొప్పిగా ఉందా?"

"పడిపో కత్తెరా, పడిపో..."

"ఎందుకు పడట్లేదురా నువ్వు? ఎందుకు... ఏయ్! ఏయ్!"

"అన్నా! మెడ మీద కొట్టింది! తల ఎగిరిపోయింది. మెట్ల మీద దొర్లుతోందన్నా, గొడ్డలి తల! శభాష్ కత్తెరా!"

"శభాష్ ఏంట్రా, నీకు బుద్ధుందా?"

"అయ్యో. అవును కదూ."

"వాడు పోయాడు, ఇప్పుడు చెప్తాను అన్నా. వాడు కుడిచేత్తో రెండు కొడతాడు. ఎప్పుడూ రెండే. తర్వాత ఊపిరి తీసుకోడానికి ఆగుతాడు. ఆ ఆగినప్పుడే లేవాలి. లేవకపోతే ఎడమ చెయ్యి జుట్టులోకి వస్తుంది."

"జుట్టులోకి ఏంటి? ఈ ఆటలో జుట్టు పట్టుకోవడం ఎక్కడుంది? ఏం మాట్లాడుతున్నావ్ నువ్వు? చూడూ, నీకు సరదాగా ఉన్నట్టుంది. ఒక తల నరికావు, ఒళ్ళు పొంగిపోతోంది. ఇక్కడ నువ్వు కొట్టే ప్రతి దెబ్బా అక్కడ ఒక ఆడమనిషి ఒంటి మీద పడుతుంది. నేను విన్నాను! నువ్వు వినలేదు! సిగ్గు లేదా నీకు? దర్జీ, వెనకనుంచి వెయ్యి దీన్ని."

"వేసెయ్యనా అన్నా?"

"వెయ్యి!"

"గెలిచిన రోజు కూడా కొడతాడన్నా."

"ఏంటి?"

"గెలిచిన రోజు ముందు మైకు ఆపుతాడు. తీరిగ్గా. హెడ్‌ఫోన్లు బల్ల మీద పెడతాడు. వాచీ తీసి పక్కన పెడతాడు. తర్వాత వంటింట్లోకి వస్తాడు. ఓడిన రోజు కోపంతో కొడతాడు, తొందరగా అలిసిపోతాడు. గెలిచిన రోజు హుషారుగా ఉంటాడు. మీకు వినపడలేదంతే."

"నువ్వు... అమ్మా, నువ్వు..."

"నేను అరవనన్నా. పాప లేస్తుందని."

"దేవుడా."

"డ్రైవరన్నా, ఏంటిది? ఈవిడ... ఆవిడేనా?"

"మనం ఏం చేశాంరా. ఇన్నాళ్ళూ ఏం చేశాం మనం!"

"మీరు ఏడవకండి. మీరు నాకోసం ఓడారు. నాకు అలా చేసినవాళ్ళు ఈ భూమ్మీద ఇంకెవరూ లేరు. కానీ ఇవాళ ఓడకండి."

"ఈ ఆట ఎలా నేర్చుకున్నావమ్మా?"

"ఆయన కుర్చీ వెనక టీ గ్లాసు పట్టుకుని నిలబడి. తాగేదాకా అక్కడే నిలబడాలి. ఆయన మాత్రం నాకేమీ రాదనుకుంటాడు."

"ఇప్పుడెక్కడున్నావ్? వాడు పక్కగదిలోనే ఉన్నాడా?"

"లోపలున్నాడు. నేను బయట మెట్ల మీద కూర్చున్నా. పాపని మా అక్క తీసుకెళ్ళింది. ఇల్లు చేరగానే మెసేజ్ పెడతానంది. అందాకా ఆయన కుర్చీలోంచి లేవకూడదు. మీరు రోజూ చిటికెలో ఓడిపోతారు. అందుకే నేను ఈ చోట్లో చేరాల్సొచ్చింది. ఆట సాగాలన్నా. మన బురుజు కూలొద్దు, వాళ్ళది కూల్చొద్దు."

"దర్జీ!"

"చెప్పన్నా."

"మన బురుజు ముందు నిలబడు. చచ్చినా కదలొద్దు. చచ్చావో, లేచి మళ్ళీ అక్కడికే రా."

"సూదిమొనంత కూడా కదలను."

"వాడొస్తున్నాడు. నువ్వు మాట్లాడకమ్మా, నేను చూసుకుంటా."

"ఎవడ్రా నా తల నరికింది? ఏడ్రా ఆ కత్తెరగాడు? వాణ్ణి నాకొదిలేయండి, నిలువునా చీలుస్తా!"

"ముందు నన్ను చీల్చు గొడ్డలీ."

"ఏంటి డ్రైవరూ, గొంతు మారింది? నువ్వెప్పుడూ దెబ్బకే పడతావుగా."

"ఇవాళ పడను."

"పడవా? పడవా? ఇదిగో! ఇదిగో!"

"రెండయ్యాయి. ఊపిరి తీసుకో. ఇప్పుడు నాది! ఇది గిన్నెలకి. ఇది గోడకి. ఇది..."

"ఏం గిన్నెలురా? పిచ్చెక్కిందా నీకు? వదులు! నా చెయ్యి! చెయ్యి నరికేశాడు..."

"అన్నా, నువ్వు వాడి మీద ఎక్కి కూర్చున్నావన్నా. వాడు చచ్చిపోయాడు. చచ్చినవాణ్ణి నరుకుతున్నావ్."

"తెలుసురా. నన్నాపకు."

"అన్నా, కుడివైపునుంచి ఇంకొకడు! నన్ను పొడిచేశాడు. కడుపులోంచి బల్లెం బయటికొచ్చింది. పోతున్నా, పోతున్నా, మళ్ళీ వస్తున్నా!"

"మెసేజ్ వచ్చిందా అమ్మా?"

"ఇంకా లేదు."

"వాడు లేవలేదుగా?"

"లేదన్నా. కుర్చీకి అతుక్కుపోయాడు."

"మన బురుజు సగం పడింది కత్తెరా. నేను లేచేసరికి వాళ్ళిద్దరూ దాని మీదున్నారు. ఎంతసేపు ఆపగలనో తెలీదు."

"ఇంకాస్త దర్జీ తమ్ముడూ."

"తమ్ముడా? విన్నావా అన్నా, నేను తమ్ముణ్ణట! రండ్రా, ఎంతమంది వస్తారో రండి!"

"తప్పుకోరా టైలరూ! ఇవాళ అందరికీ ఏమైందిరా? తాగొచ్చారా? నేను ఓడితే ఒక్కొక్కణ్ణీ వెతుక్కుంటూ వచ్చి చంపుతా. నిజంగా చంపుతా!"

"మమ్మల్ని వెతుక్కోవడం ఎందుకులే గొడ్డలీ. నీకు ఇంట్లోనే దొరుకుతారుగా."

"ఏమన్నావ్? ఇంకోసారి అను!"

"అన్నా, మాట జారకు. వాడు లేచి వెళ్తాడు."

"లేవడు దర్జీ. ఓడుతూ ఉండగా వాడు కుర్చీ వదలడు."

"అన్నా. వచ్చింది."

"ఏమొచ్చింది? ఉండు, వాడికి వినపడనంత దూరం వచ్చా, ఇప్పుడు చెప్పు."

"మెసేజ్. 'చేరాం. నిద్రపోయింది.' అని పెట్టింది అక్క."

"అమ్మయ్య! అయితే ఇక ఆ ఫోను పడేసి మెట్లు దిగి పరుగెత్తు తల్లీ. వాణ్ణి మేం పట్టి ఉంచుతాం."

"పరుగెత్తను. ముందు వాళ్ళ బురుజు కూల్చాలి. నువ్వు ఎడమనుంచి రా."

"ఇంకా ఎందుకమ్మా? పాప చేరింది. నువ్వూ బయటపడు!"

"ఓడించాలన్నా. నేను ఓడించాలి. ఇన్నేళ్ళలో ఒక్కసారి."

"నేను మన బురుజు దగ్గర ఇద్దర్నీ పట్టుకున్నానన్నా. అటు ఎవడూ లేడు. వెళ్ళండి!"

"పద తల్లీ. కొట్టు. ఇంకా కొట్టు."

"రాళ్ళు ఊడుతున్నాయి."

"వాడు చూశాడు! వెనక్కి పరుగెత్తుతున్నాడు!"

"రానీ. కొట్టన్నా, ఇంకొక్కటి."

"ఆపండ్రా! ఆపండి! నా బురుజు ముట్టుకుంటే..."

"పడింది! అన్నా, పడింది! కుప్పకూలింది!"

"మైకులు కలుస్తున్నాయి. ఎవరూ మాట్లాడకండి."

"దొంగనాకొడుకుల్లారా! ముగ్గురూ కలిసి మోసం చేశారు! ఇన్నాళ్ళ రికార్డు మట్టిపాలు చేశారు! ఏయ్! ఏయ్, ఎక్కడ చచ్చావ్ నువ్వు? ఇటు రా! రావే అంటుంటే... నేనొస్తే కాళ్ళు విరుస్తా. వస్తున్నా ఉండు. ఏంటిది? ఏంటీ తలుపు రావట్లేదు? ఎవరు వేశారు? ఏయ్! ఎవరు వేశారు తలుపు?"

"నేనేరా. బురుజు కూలగానే బయట గడియ పెట్టా. అరుచుకో, నీ మైకు తెరిచే ఉంది."